సంధ్యామండల కథకుడు: రాడ్ సెర్లింగ్

ఉన్నతపాఠశాల చదువు ముగియవచ్చిన విద్యార్థిని “మీదట ఏమి కాదలచితివి?” అని అడిగినచో వైద్యుడననియో, ఇంజనీరుననియో, ఉపాధ్యాయుడననియో సమాధానము వచ్చుట పరిపాటి. ఎవరైన నొకరు “రచయితను కాదలచితిని” అన్నచో తరగతిలో నవ్వులు వినబడును. ఇంటిలో తల్లిదండ్రులకు దిగులు పుట్టును. “కథలు వ్రాసినచో కడుపు నిండునా?” అని వారడుగుదురు. ఆ ప్రశ్న తప్పు కాదు. ఇంట నొక భాష, వీధిని మరియొక భాష మాట్లాడుచు, రెండింటను పరీక్షలు వ్రాసి నెగ్గుకొని రావలసిన మనబోటి కుటుంబములలో ఆ ప్రశ్న మరింత సహజము. అయితే దాని వెనుక రెండవ ప్రశ్న యొకటి కలదు: “కడుపు నిండినను, తాను చెప్పదలచిన మాటను రచయితను చెప్పనిత్తురా?” ఈ రెండు ప్రశ్నలకును ఒక్క జీవితములోనే సమాధానము దొరకు రచయిత యొకడు అమెరికా దేశమున నుండెను. ఆయన పేరు రాడ్ సెర్లింగ్. వైజ్ఞానిక కల్పనా కథలను టెలివిజనుకు వ్రాయుటలో ఆయనను మించినవారు అరుదు. ఆయన చరిత్రమును మా పాఠకులకు విశదీకరించుటయే ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

వైజ్ఞానిక కల్పన యనగా నేమి?

ముందుగా ఒక మాట చెప్పవలెను. శాస్త్రజ్ఞానము ఇంకను కొంత ముందునకు సాగినచో మానవుని బ్రతుకు ఎట్లు మారునో ఊహించి చెప్పు కథను వైజ్ఞానిక కల్పన యందురు. గ్రహాంతరయానము, యంత్రమానవుడు, కాలములో వెనుకకు ప్రయాణించుట మున్నగునవి దానికి సాధనములు. మన పురాణములలోని పుష్పకవిమానమునకును దీనికిని భేదమున్నది. పుష్పకము దైవశక్తిచే నడచినది. వైజ్ఞానిక కల్పనలోని విమానము ఏదో యొక శాస్త్రసూత్రమును ఆధారము చేసికొని, లేదా చేసికొన్నట్లు నటించి, నడచును. కాని మంచి రచయిత చేతిలో ఈ సాధనములు సాధనములుగనే యుండును. కథ మాత్రము మనుష్యుని గురించియే యుండును.

బాల్యము

రాడ్మన్ ఎడ్వర్డ్ సెర్లింగ్ 1924వ సంవత్సరము డిసెంబరు 25వ తేదీన న్యూయార్కు రాష్ట్రములోని సిరక్యూస్ పట్టణమున జన్మించెను. పసితనముననే ఆయన కుటుంబము అదే రాష్ట్రములోని బింగ్‌హామ్టన్ అను చిన్న ఊరికి తరలి వచ్చెను. వారు యూదులు. ఆ ఊరిలో యూదులు అల్పసంఖ్యాకులు. పాఠశాలలో ఆయనకు స్నేహితులకు కొదువ లేకపోయినను, విద్యార్థుల సంఘమొకటి యూదుడను కారణముచే ఆయనను చేర్చుకొనుటకు నిరాకరించినది. పెద్ద దెబ్బ కాదు. ఎవరును కొట్టలేదు, తిట్టలేదు. అయినను “నీవు మాలోనివాడవు కావు” అను మాట పసిమనస్సులో ఎంత లోతుగా నాటుకొనునో పొరుగువారి నడుమ భిన్నముగా బ్రతుకు వారికి వేరుగా చెప్పనక్కరలేదు.

ఈయన పెద్ద మాటకారి. ఇంటిలో ఎడతెగక మాట్లాడుచుండెడివాడట. అన్నగారైన రాబర్టుతో కలసి చలనచిత్రములలోని ఘట్టములను అభినయించెడివాడు. ఆ అన్నగారు కూడ తరువాతి కాలమున నవలాకారుడై విమానయానమును గురించి గ్రంథములు రచించెను. ఉన్నతపాఠశాలలో రాడ్ సెర్లింగ్ వక్తృత్వపు పోటీలలో పాల్గొని, పాఠశాల పత్రికకు సంపాదకుడుగ పనిచేసెను. ఈ సంగతిని మేము ప్రత్యేకముగా చెప్పుటకు కారణము కలదు. లోకప్రసిద్ధుడైన ఈ రచయిత మొదటి అక్షరములు ఇట్టి పత్రికలోనే అచ్చయినవి. ఆయన ఉపాధ్యాయురాలు హెలెన్ ఫోలీ ఆయనను ప్రోత్సహించెను. ఆమెను ఆయన మరువలేదు. 1960లో ప్రసారమైన ఒక నాటకములో ఉపాధ్యాయురాలి పాత్రకు ఆమె పేరునే పెట్టి ఋణము తీర్చుకొనెను.

యుద్ధము

1943లో పాఠశాల చదువు ముగిసిన వెంటనే సెర్లింగ్ సైన్యమున చేరెను. అప్పుడు రెండవ ప్రపంచయుద్ధము జరుగుచుండెను. పొట్టివాడైనను పట్టుదల గలవాడగుటచే పారాచూటు దళమున చోటు సంపాదించెను. శిక్షణకాలమున ముష్టియుద్ధపు పోటీలలో దిగి ముక్కు విరుగగొట్టుకొనెను. జర్మనీమీదికి పోవలెనని ఆయన కోరిక. ప్రభుత్వము ఆయన దళమును పసిఫిక్ సముద్రమునకు పంపెను.

ఫిలిప్పీన్సు దేశములోని లేతె దీవిలో 1944 చివరి నెలలలో జరిగిన పోరాటము ఆయన జీవితమును రెండుగా చీల్చినది. వాన, బురద, ఆకలి, జ్వరము, శత్రువుల కాల్పులు ఒకవైపు. ఆహారము లేక అలమటించుచున్న దళమునకు విమానములనుండి పెట్టెలు జారవిడుచుచుండగా, ఆయన కన్నులయెదుటనే ఒక పెట్టె మీదపడి స్నేహితుడొకడు మరణించెను. ఆకలి తీర్చవచ్చిన ఆహారమే ప్రాణము తీసినది. జీవితములో ఇట్టి విపరీతపు మలుపు లుండునని ఆయనకు ఏ గ్రంథమును నేర్పలేదు. ఆయన కథలు ఒక్క మలుపుతో తలక్రిందులగుటకు మూలము ఇచ్చటనే యున్నదని తలచుట అసంగతము కాదు. ఆయనయు గాయపడి పతకములు పొందెను. యుద్ధము ముగిసినది కాని పీడకలలు ముగియలేదు. తండ్రి 1945లో ఆకస్మికముగా మరణించెను. సైన్యమునందున్న కుమారుడు అంత్యక్రియలకు వెళ్లలేకపోయెను.

మనస్సులోని భారమును దించుకొనుటకై వ్రాయుట మొదలిడితినని ఆయన తరువాత చెప్పుచుండెడివాడు. జీవనోపాధి ఆలోచన ఆ వెనుకనే వచ్చినది.

రేడియోనుండి టెలివిజనుకు

యుద్ధమునుండి తిరిగివచ్చిన సైనికులకు ప్రభుత్వమిచ్చిన విద్యాసహాయముతో ఆయన ఒహాయో రాష్ట్రములోని యాంటియాక్ కళాశాలలో చేరెను. మొదట వ్యాయామవిద్యను ఎన్నుకొని, పిదప సాహిత్యమునకు మారెను. సహాయధనము చాలక, కొత్త పారాచూట్లను పరీక్షించుటకై విమానములనుండి దుమికి డబ్బు గడించుకొనెను. కళాశాల రేడియో సంఘమును తానే నడపి, నాటకములను తానే వ్రాసి, అందులో తానే నటించెను. 1948లో కారొల్ క్రామర్ అను సహాధ్యాయినిని వివాహమాడెను. 1949లో ఒక రేడియో నాటకరచనల పోటీలో బహుమతి గెలిచెను. 1950లో పట్టభద్రుడై సిన్సినాటి నగరములోని రేడియో కేంద్రమున ఉద్యోగమున చేరెను.

ఆ ఉద్యోగము ఎట్టిది? ఊళ్లను గురించిన పొగడ్తలు, వ్యాపారప్రకటనల వాక్యములు వ్రాయుట. పగలంతయు ఆ పని చేసి, రాత్రి వంటగది బల్లముందు కూర్చుండి నాటకములు వ్రాసెడివాడు. వాటిలో పెక్కు తిరుగుటపాలో వచ్చినవి. అయినను విసుగక, నెలజీతమును వదలుకొని, కేవలము రచనపైననే జీవింప నిశ్చయించుకొనెను. అప్పటికే ఆయన సంసారి. ఈ సాహసమును మేము అందరికిని ఉపదేశింపము. కాని ఒక్క విషయము గమనింపవలెను. ఉద్యోగము వదలునాటికి ఆయన రేడియోకును టెలివిజనుకును కొన్ని నాటకములు అమ్మియుండెను. ఒడ్డున నిలిచి ఈత నేర్చుకొన్న పిమ్మటనే లోతునకు దిగెను.

ఆనాటి టెలివిజన్ నాటకము

1950 ప్రాంతములలో అమెరికా టెలివిజన్ నాటకము నేటిదానివంటిది కాదు. చాలవరకు అది రంగస్థల నాటకమువలె అప్పటికప్పుడు ఆడబడుచుండెను. ఒక పెద్దశాలలో రెండు మూడు అమరికలు కట్టి, కెమెరాలు అటునిటు త్రిప్పుచు, నటులు ఒక గదినుండి మరియొక గదికి పరుగిడుచు నటించుచుండగా, అదే క్షణమున దేశములోని ఇండ్లలో చూచువారు చూచుచుండిరి. మాట మరచినచో దిద్దుకొను వీలు లేదు. ప్రదర్శన ముగిసినచో నాటకము ముగిసినట్లే. ఒక గంట నాటకములో ప్రకటనలు పోగా సుమారు 50 నిమిషములు మిగులును. ఆ 50 నిమిషములలో, రెండు మూడు గదులలో, నలుగురైదుగురు మనుష్యులతో కథ చెప్పవలెను. గుఱ్ఱపుదళములు, సముద్రయుద్ధములు చూపుట కుదరదు. అందువలన రచయిత మనుష్యుల ముఖములపైనను సంభాషణలపైనను ఆధారపడవలసివచ్చెను. సెర్లింగునకు ఈ ఇరుకే మేలైనది.

1955 జనవరి 12వ తేదీన “పాటర్న్స్” అను ఆయన నాటకము ప్రసారమైనది. ఒక పెద్దవ్యాపార సంస్థలో వృద్ధుడైన అధికారిని పొమ్మనలేక పొగబెట్టుదురు. అతని స్థానమునకే ఒక యువకుని తెచ్చి కూర్చుండబెట్టుదురు. ఆ యువకుడు వృద్ధుని గౌరవించును, కాని పదవిని కోరును. కథ ఇంతియే. అప్పటికప్పుడు ఆడు నాటకమును మరల ఆడు ఆచారము లేని ఆ దినములలో, విమర్శకుల ప్రశంసలవలన నాలుగు వారములకే నటులను మరల సమకూర్చి రెండవసారి ఆడిరి. ఒక్క రాత్రిలో సెర్లింగ్ పేరు దేశమంతటను వినబడెను. 1956 అక్టోబరు 11న ప్రసారమైన “రిక్వియమ్ ఫర్ ఎ హెవీవెయిట్” ముష్టియోధుడొకడు కండలు సడలి, చేతికి వేరే విద్య లేక, లోకమున నిలువలేక పడు వేదనను చిత్రించినది. ముక్కు విరుగగొట్టుకొన్న నాటి అనుభవము వ్యర్థము కాలేదు. ఈ నాటకములకు టెలివిజన్ రంగమున గొప్పదగు ఎమ్మీ బహుమానము లభించెను. మొత్తము మీద ఆయన ఆరు ఎమ్మీలు పొందెను.

కడుపు నిండునా యను మొదటి ప్రశ్నకు ఇంతటితో సమాధానము వచ్చినది. ఇప్పుడు రెండవ ప్రశ్న.

నోరు మూయించిన వర్తకము

1955 ఆగష్టులో మిసిసిపి రాష్ట్రమున ఎమెట్ టిల్ అను 14 ఏండ్ల నల్లజాతి బాలుడు క్రూరముగా హత్యచేయబడెను. నేరము మోపబడిన ఇద్దరు శ్వేతజాతీయులను, శ్వేతజాతీయులే గల న్యాయనిర్ణేతల మండలి నిర్దోషులని విడిచిపెట్టెను. ఆ అన్యాయము సెర్లింగ్ హృదయమును కలచివేసెను. ఊరివారందరును నేరస్థుని కాపాడుటకు ఒక్కటగుట ఇతివృత్తముగా ఆయన నాటకము వ్రాసెను.

ఇచ్చట టెలివిజన్ వ్యాపారపు మర్మమును తెలిసికొనవలెను. ఆనాడు ఒక్కొక్క కార్యక్రమమునకు ఒక్కొక్క వ్యాపారసంస్థ డబ్బు పెట్టుచుండెను. డబ్బు పెట్టినవానికి నాటకములోని ప్రతిమాటను ప్రశ్నించు అధికార ముండెను. కొనుగోలుదారులలో ఒక్కడు కినుక వహించినను తమ సరకునకు నష్టమని వారి భయము. నాటకమునకు టిల్ హత్యతో పోలిక యున్నదని పత్రికలలో వెల్లడియగుటతో బెదిరింపులేఖలు వచ్చినవి. అంతట మార్పులు మొదలైనవి. కథ జరుగు ప్రదేశమును దక్షిణమునుండి ఉత్తరమునగల న్యూ ఇంగ్లండుకు మార్చిరి. హతుడు ఊరు పేరు లేని విదేశీయుడయ్యెను. దక్షిణప్రాంతమును స్ఫురింపజేయునను శంకతో బల్లమీది కోకకోలా సీసాలను గూడ తీసివేయించిరని సెర్లింగ్ తరువాత చెప్పెను. 1956 ఏప్రిలులో “నూన్ ఆన్ డూమ్స్‌డే” అను పేర ప్రసారమైన ఆ నాటకములో శరీరము మిగిలినది, ప్రాణము పోయినది.

ఆయన వదలలేదు. అదే విషయమును మరల వ్రాసెను. ఈసారి కథాకాలమును వెనుకకు నెట్టి 1870 ప్రాంతములకు చేర్చవలసివచ్చెను. హతుడు మెక్సికో జాతీయుడయ్యెను. 1958 జూన్‌లో “ఎ టౌన్ హాజ్ టర్న్‌డ్ టు డస్ట్” అను పేర అది ప్రసారమైనది. చెప్పదలచినది 1955నాటి అన్యాయము. చెప్పగలిగినది ఎనుబదియేండ్లనాటి కథ.

మరియొక రచయిత విషయమున జరిగినది చూడుడు. యూదుల సంహారమును గురించిన నాటకమొకటి 1959లో ప్రసారమగుచుండగా, వంటగ్యాసు వర్తకులు డబ్బు పెట్టినవారగుటచే, యూదులను విషవాయువుతో చంపిరని చెప్పు చోట “గ్యాసు” అను మాట వినబడకుండ చేసిరి. నవ్వవలెనో ఏడ్వవలెనో తెలియని సంగతి ఇది. నిషేధించినది రాజు కాదు, పోలీసు కాదు. పొయ్యి అమ్ముకొను వర్తకుడు.

అన్యాపదేశము

ఈ దశలో సెర్లింగ్ ఒక ఉపాయమును కనుగొనెను. అది మనకు కొత్త కాదు. మన అలంకారికులు దానిని అన్యాపదేశ మనిరి. ఒకదానిని చెప్పదలచి మరియొకదానిమీద పెట్టి చెప్పుట అని దాని భావము. విష్ణుశర్మ రాజపుత్రులకు రాజనీతిని సింహముల, నక్కల, కాకుల నోట చెప్పించెను. తమిళనాటి శ్రీపెరుంబుదూరున పుట్టి మద్రాసులో తెలుగు పండితుడై వెలసిన పరవస్తు చిన్నయసూరి ఆ కథలనే 1853లో నీతిచంద్రికగా తెలుగువారికి ఒసగెను. సింహమును నిందించినచో కోపించు రాజెవడు? అట్లే, అంగారక గ్రహవాసి పలికిన మాటకు కోపించి సబ్బు కొనుట మానువాడెవడు?

సెర్లింగ్ తొలుత “ది టైమ్ ఎలిమెంట్” అను నాటకము వ్రాసెను. ఒక మనుష్యుడు కలలో 1941 డిసెంబరునకు, జపానువారు పెరల్ హార్బరుపై బాంబులు వేయు ముందటి దినమునకు పోయి, రాబోవు ప్రమాదమును అందరికిని చెప్పును, ఎవరును నమ్మరు. దీనిని కొన్న టెలివిజన్ సంస్థ కొంతకాలము మూలబెట్టినది. 1958 నవంబరు 24న మరియొక కార్యక్రమములో ప్రసారమైనంతనే ప్రేక్షకులనుండి వేలకొలది ఉత్తరములు వచ్చినవి. అప్పుడు సంస్థవారు మేల్కొనిరి.

1959 అక్టోబరు 2వ తేదీన “ది ట్విలైట్ జోన్” ప్రారంభమైనది. సంధ్యామండల మని దాని అర్థము. వెలుగునకును చీకటికిని నడుమ, నిజమునకును కల్పనకును నడుమ నున్న చోటు. ప్రారంభమునకు కొలది దినముల ముందు జరిగిన సంభాషణలో, ప్రసిద్ధ విలేఖరి మైక్ వాలెస్ “ఇక గంభీరమైన రచన మానివేసితిరా?” అను భావమున ప్రశ్నింపగా, ప్రకటనదారులతో నిత్యము పోరాడు ఓపిక తనకిక లేదని సెర్లింగ్ తెలిపెను. విన్నవారు ఆయన ఓడిపోయెననుకొనిరి. తరువాతి ఐదేండ్లలో ఆయన చెప్పిన సంగతులు మునుపెన్నడును చెప్పినవి కావు.

నాలుగు కథలు

“మేపుల్ వీధిలోనికి రాక్షసులు రానున్నారు” అను భావము గల పేరుతో ఒక నాటకము 1960 మార్చి 4న ప్రసారమైనది. ప్రశాంతమైన వీధి. ఒక సాయంకాలము ఆకాశమున వెలుగు కనబడును; దీపములు, యంత్రములు ఆగిపోవును. గ్రహాంతరవాసులు మనుష్యరూపమున ముందే వచ్చి కాపురముండిరేమో యని ఒక బాలుడనును. ఇంతియే చాలినది. ఒకని కారు యంత్రము దానంతటదే నడువసాగినదని అతనిని అనుమానింతురు. రాత్రులందు ఆకాశమును చూచుననియు అతనినే నిందింతురు. చీకటిలో వచ్చుచున్న పొరుగువానినే కాల్చి చంపుదురు. కడపట కొండపైనుండి గ్రహాంతరవాసులిద్దరు చూచుచు, దీపములార్పినచో చాలుననియు, మిగిలిన నాశనమును మనుష్యులే చేసికొందురనియు అనుకొందురు. పొరుగువానిని కమ్యూనిస్టు అని అనుమానించి ఉద్యోగములు తీసివేసిన కాలము అమెరికాలో అప్పుడే గడచినది. ఈ నాటకములో ఆ మాట ఒక్కసారియైన లేదు. అయినను అందరికిని అర్థమైనది.

1960 నవంబరు 11న వచ్చిన “ఐ ఆఫ్ ది బిహోల్డర్”లో ముఖమంతయు కట్లు కట్టబడిన యువతి చికిత్సాలయమున పడియుండును. ఆమె కురూపి యనియు, ఇతరులవలె మారుటకు ఇది కడపటి చికిత్స యనియు వైద్యులు చెప్పుచుందురు. వైద్యుల ముఖములు నీడలలోనే యుండును. కట్లు విప్పగా ఆమె మన కన్నులకు చక్కని సుందరి, వైద్యులేమో వంకరమూతులవారు. చికిత్స విఫలమైనదని వారు విచారింతురు. “అందరివలె లేకుండుట రోగమా?” అను ప్రశ్న ఇందులో గలదు. విద్యార్థుల సంఘము వాకిటినుండి వెనుదిరిగిన బాలుడు ఈ ప్రశ్నను మరచియుండడు.

1961 జూన్ 2నాటి “ది అబ్సొలీట్ మాన్” మాకు మిక్కిలి ప్రియమైనది. రాబోవు కాలమున నొక నిరంకుశ రాజ్యము. పుస్తకములు నిషిద్ధములు. కనుక గ్రంథపాలకుడు పనికిరానివాడని తీర్పు చెప్పి మరణదండన విధింతురు. మరణించు విధమును ఎన్నుకొను హక్కు అతనికుండును. తన గదిలో అర్ధరాత్రి బాంబు ప్రేలవలెననియు, తన మరణమును టెలివిజన్‌లో అందరికి చూపవలెననియు అతడు కోరును. తీర్పు చెప్పిన అధికారిని పలుకరించుటకని గదికి పిలిచి తలుపునకు తాళము వేయును. దేశమంతయు చూచుచుండ, గ్రంథపాలకుడు దాచియుంచిన ధర్మగ్రంథమును తెరచి ప్రశాంతముగా చదువుకొనుచుండును; అధికారి భయముతో వణకి, దేవుని పేర వేడుకొనును. అతడు నిషేధించిన దైవనామమునే పలికెనని అతనిని విడిచిపెట్టి, గ్రంథపాలకుడు తాను మరణించును. మరునాడు ఆ అధికారియే పనికిరానివాడని తీర్పు వచ్చును. “దీనివలన లాభమేమి? దీనికి కాలము చెల్లినది” అని పుస్తకమును గురించి గాని, భాషను గురించి గాని అనువారు వినదగిన కథ ఇది.

1961 డిసెంబరు 29న ప్రసారమైన “ఎ క్వాలిటీ ఆఫ్ మెర్సీ”లో రచయిత తన యుద్ధానుభవమును తడవెను. 1945లో ఫిలిప్పీన్సున, గుహలో చిక్కిన క్షతగాత్రులైన జపానువారిని నిర్మూలింప ఉవ్విళ్లూరు అమెరికా యువసైన్యాధికారి, హఠాత్తుగా 1942లో జపాను సైనికాధికారిగా మారిపోవును. ఇప్పుడు గుహలో నున్నది క్షతగాత్రులైన అమెరికావారు. దయ యనగా నేమో అతనికి తెలిసివచ్చును. జపానువారితో పోరాడి గాయపడిన మనుష్యుడు ఇట్లు వ్రాసెనని గుర్తుంచుకొనినచో కథ విలువ రెట్టింపగును.

శ్రమయు మూల్యమును

ఈ పరంపర 1964 వరకు ఐదు భాగములుగా నడచినది. మొత్తము 156 నాటకములు. అందులో సెర్లింగ్ ఒక్కడే 92 వ్రాసెను. మిగిలినవానిలో పెక్కింటిని రిచర్డ్ మాథెసన్, చార్లెస్ బోమాంట్ మున్నగువారు వ్రాసిరి. ప్రతి నాటకము మొదటను చివరను కథకుడుగ సెర్లింగ్ స్వరము వినబడును; కొంతకాలమునకు ఆయనయే నల్లని దుస్తులలో తెరపై కనబడి కథను పరిచయము చేయ నారంభించెను. మన నాటకములలోని సూత్రధారుని పని వంటిదే యిది. నిర్మాణసంస్థకు, తాను వేసవులు గడపు కయూగా సరస్సు పేరు పెట్టుకొనెను. వైజ్ఞానిక కల్పనకిచ్చు హ్యూగో బహుమానము ఈ పరంపరకు వరుసగా మూడేండ్లు లభించెను.

ఇంత వేగమునకు మూల్యము చెల్లింపక తప్పలేదు. వ్రాయుటకు తీరిక లేక ధ్వనిముద్రణ యంత్రమున సంభాషణలు చెప్పుచుండగా కార్యదర్శిని టైపు చేయుచుండెను. కొన్ని నాటకములలో ఉపదేశము కథను మించినది. కొన్నింట మలుపు ముందే తెలిసిపోవును. ఆయన భక్తులమైనను ఈ దోషమును మేము దాచము. 92 కథలలో అన్నియు రత్నములని ఆయనయు అనలేదు. మరియొక పొరపాటు: పరంపర ముగిసిన పిదప తన భాగమును సంస్థకే అమ్మివేసెను. ఆ నాటకములు పునఃప్రసారములలో దశాబ్దముల తరబడి ఆదాయము తెచ్చునని ఆయన ఊహింపలేదు. భవిష్యత్తును ఊహించుటలో దిట్టయగు రచయిత తన సొత్తు భవిష్యత్తును ఊహింపలేకపోయెను. వ్రాతపనిని వృత్తిగా ఎంచుకొనువారు ఒప్పందపత్రమును గూడ కథయంత శ్రద్ధగా చదువవలెనని ఇందలి పాఠము.

కడపటి దినములు

1968లో వెలువడిన “ప్లానెట్ ఆఫ్ ది ఏప్స్” అను చలనచిత్రమునకు మైకేల్ విల్సనుతో పాటు ఆయనయు రచయిత. వానరములు ఏలు గ్రహమున దిగిన మానవుడు, కట్టకడపట ఇసుకలో కూరుకొనిపోయిన స్వాతంత్ర్యదేవతా విగ్రహమును చూచి, అది తన భూమియే యని గ్రహించు ఘట్టము లోకప్రసిద్ధము. 1970 నుండి 1973 వరకు “నైట్ గాలరీ” అను మరియొక పరంపర ఆయన పేర నడచినది. అందులో పరిచయకర్తగా కనబడినను, కథల ఎన్నికలో ఆయన మాట చెల్లలేదు. ఆ బాధ ఆయనను వేధించెను. వియత్నాం యుద్ధమును ఆయన బహిరంగముగ వ్యతిరేకించెను. న్యూయార్కు రాష్ట్రములోని ఇథకా కళాశాలలో యువకులకు రచనాపద్ధతులను బోధించుచు ఆ సంవత్సరములు గడపెను.

చేతిలో సిగరెట్టు లేని సెర్లింగ్ చిత్రము అరుదు. ఆ వ్యసనము గుండెను దెబ్బతీసెను. శస్త్రచికిత్స జరిగినను ఫలింపక 1975 జూన్ 28న ఆయన మరణించెను. అప్పటికి వయస్సు 50 ఏండ్లు మాత్రమే. ఆయన మరణానంతరము ట్విలైట్ జోన్ 1985లోను, 2002లోను, 2019లోను కొత్తగా తీయబడెను. 2013లో అమెరికా రచయితల సంఘమువారు టెలివిజన్‌కు చక్కగా వ్రాయబడిన పరంపరలను ఎన్నుకొనినపుడు దానికి మూడవ స్థానము లభించెను.

మేము చెప్పదలచినది

మా విద్యార్థులలో కథలు వ్రాయు కోరిక గలవారు కొందరున్నారు. వారు ఈ చరిత్రమున మూడు విషయములను గమనింతురుగాక. మొదటిది, ఆయన పాఠశాల పత్రికను చిన్నదని చూడలేదు. రెండవది, వ్రాసినది తిరిగి వచ్చినపుడు మరల వ్రాసెను. మూడవది, ఒక త్రోవ మూసికొనినపుడు మాటను మింగివేయక మరియొక త్రోవ వెదకెను.

తల్లిదండ్రులకును ఒక మనవి. మీ బిడ్డ దీపము ముందు కూర్చుండి పాఠ్యపుస్తకము కానిదేదో వ్రాయుచుండుట చూచినచో వెంటనే కోపింపవలదు. గణితము చేసితివా యని అడుగుడు. చేసియున్నచో, వ్రాసినదానిని చదివి వినిపింపుమని అడుగుడు. ఇంటి తెలుగులో వ్రాసిన ఆ కథను వినువారు మొదట ఇంటనే ఉండవలెను. తరువాత దానిని ఈ పత్రికకు పంపింపుడు, అచ్చువేయుటకు మేమున్నాము.